పొద్దుగుంకని ఎండకోట

ఎండకోటను మొదటిసారి చూసినవాళ్ళు ‘అబ్బా!’ అంటారు. రెండోసారి చూడడానికి ఎవరూ మిగల్లేదు కాబట్టి, రెండోసారి ఏమంటారో తెలియదు.

పుటం పెట్టిన బంగారంలా మెరిసే ప్రాకారాలు, పగడాలు పొదిగిన బురుజులు, బురుజు బురుజుకూ నోరు తెరిచిన ఇత్తడి సింహాలు. చుట్టూ మంకెన పూల తోటలు. మంకెన పువ్వు మధ్యాహ్నం విచ్చి మర్నాటికి వాడిపోవాలి. ఇక్కడివి వాడవు. అగడ్తలో తామరలు ముడుచుకోవు. వాటిలో దూరిన తుమ్మెదలు ఇళ్ళకు పోయే వేళ ఎప్పటికీ కాక, తేనె తాగి తాగి పొట్టలు ఉబ్బి ఆకుల మీద దొర్లుతుంటాయి. పడమటి బురుజుకు బల్లెమంత ఎత్తులో సూర్యుడు మేకు కొట్టినట్టు నిలబడి ఉంటాడు. వ్యాళకుడనే మాంత్రికుడు ఈ కోటలో పొద్దును ఆపేశాడు. పొద్దు కదలదు కాబట్టి వాడికి ముసలితనం రాదు, ముసలితనం రాదు కాబట్టి చావూ రాదు. ఆమడ దూరం దాటితే మామూలు లోకమే. అక్కడ రాత్రీ పగలూ సక్రమంగానే నడుస్తుంటాయి. కోట దాపున ఉన్న ఊళ్ళు మాత్రం ఎండకు తాళలేక ఎప్పుడో ఖాళీ అయ్యాయి.

అలాంటి చోటికి మజ్జిగ అమ్ముకోవడానికి ఇద్దరు వస్తున్నారు. ముందు నడుస్తున్నది గొల్లదాని వేషంలో ఉన్న కంచరి పోలమ. వెనక కావడి మోస్తున్నది తామ్రపురి యువరాజు జయధీరుడు. రాచబిడ్డ భుజం కావడికి కొత్త. తాము ఎక్కివచ్చిన ఒక్క గుర్రాన్నీ పొదలో కట్టేసిన చోటినుంచి ఇక్కడిదాకా సగం మజ్జిగ నేలకే పోశాడు.

పోలమ ఆగింది. వీపున ఉన్న మూటలోకి చెయ్యి పోనిచ్చి దేన్నో మీటింది. లోపలినుంచి బొంగురుగా ఒక ధ్వని వచ్చింది.

“ఇప్పుడేగా మీటావు!” అన్నాడు జయధీరుడు.

“ఇందాకటికన్నా బొంగురుపోయింది, యువరాజా.”

“యువరాజా అనకు. తమ్ముడూ అను. గోడలకు చెవులుంటాయి.”

“అయితే తమ్ముడూ, నోరు మూసుకొని నడు,” అంది పోలమ. ఆ భయంలోనూ ఆమెకు ఆ మాట అనడం బాగానే ఉంది.

పోలమ కాలకంచరి. మామూలు కంచర్లు రాగీ తగరమూ కలిపి కంచు పోస్తారు. ఆమె ఇంటివాళ్ళు అందులో కాస్త కాలం కూడా కలుపుతారు. ఎలా కలుపుతారని అడిగితే, ‘మీ ఆవిడ పులుసులో ఏం వేస్తుందో మేం అడిగామా?’ అంటారు. పాలు పోసి మూత పెట్టి తీసేలోగా పెరుగు తోడుకునే గిన్నె, ముసురు రోజున కూడా చిటికెలో వడియాలు ఎండే పళ్ళెం, తోడికోడళ్ళ మధ్య పెడితే పోట్లాట మొదలవుతూనే ముగిసిపోయే చెంబు, ఇవన్నీ పోలమ కనిపెట్టినవే. దేనిలోని కాలమైనా ఒక్కసారికే సరిపోతుంది. ఆపైన అది ఉత్త కంచు.

మొన్న ఆమె కూతురు కేతమ ఒక పళ్ళెం ఇవ్వడానికి రాజనగరుకు వెళ్ళింది. అప్పుడే యువరాజు ముందున్న పూలబుట్టలోంచి ఒక పాము బుస్సున లేచింది. కేతమ ఆలోచించకుండా దాన్ని చేత్తో తోసేసింది. అది ఆ చేతినే కాటేసింది. పరుగున వచ్చిన పోలమ బిడ్డను ఇంటికి మోయించి, పక్కన నీళ్ళ తొట్టి పెట్టించి, అందులో నిలుపుకుడుక తేల్చింది. అడుగున వెంట్రుక దూరేంత బెజ్జం ఉన్న చిన్న కంచుగిన్నె అది. నీళ్ళు బెజ్జంలోంచి మెల్లమెల్లగా ఎక్కి అది మునిగేదాకా కేతమకు కాలం నడవదు. విషం మణికట్టు దగ్గరే ఆగి ఉంటుంది. కుడుక మునిగిన మరుక్షణం, ఇంతసేపూ ఆగిన వేగమంతా కూడగట్టుకొని అది గుండెకు పరిగెడుతుంది.

ఆ పాము వ్యాళకుడు పెంచే జాతిదనీ, విరుగుడు వేరు వాడి దగ్గర తప్ప లేదనీ రాజవైద్యులు తేల్చి చేతులెత్తేశారు. తనకోసం ఒక పిల్ల అలా పడి ఉంటే ఇంట్లో కూర్చోలేక జయధీరుడు పోలమ వెంట బయల్దేరాడు.

పోలమ మూటలో ఉన్నది ఆ కుడుకకు జంట. రెండూ ఒకే పోతలో పోసినవి. ఇంటి దగ్గర కుడుకలోకి నీళ్ళెక్కే కొద్దీ, ఇక్కడ జంటలో వాటంతటవే నీళ్ళు ఊరుతాయి. మీటితే ఖాళీగా ఉన్నప్పుడు ఖంగుమనేది. ఇప్పుడు జలుబు చేసిన మనిషి గొంతులా పలుకుతోంది. ఆ గొంతు వినకుండా ఆమె ఉండలేదు, వింటే నిలబడలేదు.

అగడ్త మీద వంతెన పైకెత్తి ఉంది. నీళ్ళలో మాత్రం అడుగు దూరానికొకటి నల్లని రాళ్ళు తేలి కనిపించాయి.

“అదృష్టం! దాటడానికి రాళ్ళు వేసి ఉంచారు,” అంటూ జయధీరుడు కావడితో సహా మొదటి రాయి మీదికి దూకాడు. రెండో దాని మీదికి దూకాడు. మూడోది కళ్ళు తెరిచింది.

“మొసలి! యువరాజా, మొసలి!”

అగడ్త అంతా ఒక్కసారి లేచింది. రాళ్ళన్నీ తోకలు కొట్టాయి. నీళ్ళు తాటిచెట్టంత ఎగిరాయి. గుహలాంటి నోరొకటి జయధీరుడి నడుము మీదికి రానే వచ్చింది. పోలమ తన ముంజేతినున్న నిదానపు కడియాన్ని ఊడబెరికి ఆ నోట్లోకి విసిరింది. దెబ్బకు మొసళ్ళన్నిటి ఆవేశమూ చల్లబడింది. ఎగిరిన నీటిబొట్లు గాలిలో ముత్యాల్లా వేలాడాయి. మొసలి పళ్ళు జయధీరుడి మీదికి, నిద్రమత్తులో రెప్పలు వాలుతున్నంత నెమ్మదిగా మూసుకుంటున్నాయి.

“చూస్తూ నిలబడతావేం? నడు!”

జయధీరుడు మొసలి నాలుక మీద ఒక అడుగు, కోరపన్ను మీద ఒక అడుగు వేసి బయటికి దూకాడు. పోలమ చీర కుచ్చెళ్ళు ఎత్తి పట్టుకొని మొసళ్ళ వీపుల మీదుగా పరిగెత్తింది. ఇద్దరూ అవతలి గట్టు ఎక్కారో లేదో కడియంలోని కాలం అయిపోయింది. వెనక టప్పున నోరు మూసుకుంది. ఆ నోటికి కావడిలో ఒక కుండ మాత్రమే దొరికింది. అంత ఖరీదైన మజ్జిగ లోకంలో ఏ మొసలీ తాగి ఉండదు.

కోట తలుపు తోయగానే తెరుచుకుంది. లోపల అడుగు పెట్టగానే వెనక దభీమని మూసుకుంది. జయధీరుడు వెనక్కి తిరిగి తడిమి చూశాడు. తలుపుకు లోపలివైపు గడియ లేదు, పిడి లేదు, సందు కూడా లేదు.

“పోలమ్మా, ఇది బాగాలేదు.”

“బాగుంటుందని ఎవరన్నారు?” అంది పోలమ.

కత్తులు పట్టుకున్న గడ్డిబొమ్మ భటులు వాళ్ళను చుట్టుముట్టి వ్యాళకుడి దగ్గరికి నడిపించారు. తడిపిన వట్టివేళ్ళ తడికల మధ్య, చందనం పూసుకొని, ముత్యాల దిండుకు ఆనుకొని కూర్చున్నాడు వాడు. నున్నటి ముఖం, పసివాడి చర్మం. కళ్ళు మాత్రం పాతబావుల్లా లోతుగా ఉన్నాయి. మెడలో సన్నని వెండి గొట్టం వేలాడుతోంది.

“మజ్జిగా? ఎన్నాళ్ళకు! ఈ ఎండకు నాలుక పిడచకట్టుకుపోతోంది. ఇందులో పొయ్యి, అమ్మాయీ.”

ఒక కంచు లోటా ఆమె ముందుకు చాపాడు. పోలమ చూపంతా ఆ వెండి గొట్టం మీదే ఉంది. విరుగుడు వేరు అందులోనే ఉండాలి. ఎలా కాజేయాలా అని ఆలోచిస్తూనే లోటా అందుకుంది. ఆలోచిస్తూనే ఎడమచేతి ఉంగరం వేలితో దాని అంచును మీటింది. ఆలోచిస్తూనే చెవి దగ్గర పెట్టుకొని విన్నది. ఖంగుమంది. పగుళ్ళు లేవు. మంచి పోత.

అప్పుడు తెలిసింది ఆమెకు తానేం చేసిందో.

గొల్లవాళ్ళు లోటా చేతికొస్తే మజ్జిగ పోస్తారు. పగులుందో లేదో మీటి చూసేది కంచరి ఒక్కతే. పుట్టి బుద్ధెరిగినప్పటినుంచీ చేతికొచ్చిన ప్రతి గిన్నెనూ మీటిన వేలు, ఇవాళ వేషం వేసుకున్నామని గుర్తుపెట్టుకోలేదు.

వ్యాళకుడు పడీపడీ నవ్వాడు. “మంచి పోతేనా? చెప్పు, నువ్వే చెప్పాలి!”

జయధీరుడు కావడి బద్దలోంచి కత్తి దూశాడు. మొదటి భటుణ్ణి నడుముకు నరికాడు. పైసగం ఒక భటుడూ కిందిసగం ఒక భటుడూ అయి లేచారు. ఇద్దర్నీ నరికాడు, నలుగురయ్యారు. ఎంత వీరుడైతే అంత చిక్కు. చివరికి వాకిలి నిండా భటులై, తమ ఒంటి గడ్డినే తాళ్ళుగా పేని, యువరాజును కోతమోపులా కట్టి మూలన పడేశారు.

“ఆ పాము వీడికోసం వచ్చిందనుకున్నారా?” అన్నాడు వ్యాళకుడు. “వీడెవడు నాకు? దాని చెవిలో నేను చెప్పి పంపింది నీ కూతురి పేరు. బిడ్డకు కాటు పడితే తల్లి నా గడప తొక్కకుండా ఉంటుందా? నాకు కాలకంచరి కావాలి. ఒకడున్నాడు, చాలడు. ఇంకొకరు కావాలి.”

పోలమకు ఒళ్ళు మండింది. వాడి గొంతు పట్టుకొని నులమాలనిపించింది. ఆ కోపం వెనకే భయం వచ్చి కూర్చుంది. మూటలోకి చెయ్యి పెట్టి మీటింది. ఇందాకటి పలుకు కూడా లేదు. అంచు దగ్గర సన్నగా గరగరమంది.

“ఏం పని?”

“అతుకు.”

“ముందు విరుగుడు నా చేతిలో పెట్టు.”

వాడు మెడలోని గొట్టం తీసి ఆమె ఒళ్ళోకి విసిరేశాడు. “ఉంచుకో. దీపాలు పెట్టే వేళకు గాని ఈ కోట తలుపు లోపలినుంచి తెరుచుకోదు. నా కోటలో ఆ వేళ రాదు. పని ముగిస్తే నేనే నా మంత్రంతో నిన్ను బయట దించుతాను.”

పోలమ గొట్టాన్ని పిడికిట బిగించింది. కావలసింది చేతికొచ్చింది. ఇక్కడినుంచి కూతురి దగ్గరికి ఒక్క తలుపే అడ్డం. ఆ తలుపుకు తాళం చెవి సాయంత్రం.

నడివాకిట పెద్ద కొలను. దాని మీద ఏనుగు పడుకోగలిగినంత మహాకుడుక, కంచుది. సూర్యుడి ప్రతిబింబం దాని కడుపులో చిక్కుకొని గిలగిలలాడుతోంది. అది తేలినంతకాలం పొద్దు గుంకదు. దాని పక్కన వెంట్రుకవాసి పగులొకటి. అందులోంచి చెమట పట్టినట్టు నీళ్ళు ఊరుతున్నాయి. అది ఇలాగే వదిలేస్తే ఎప్పటికో మునుగుతుంది. ఆ ‘ఎప్పటికో’ దాకా కేతమకు కాలం లేదు.

గొలుసులతో మహాకుడుకను, అడుగు నీళ్ళను విడవకుండా, పగులున్న వైపు మాత్రం పైకి లేపి గట్టుకు ఆనించి ఉంచారు. గట్టు మీద కొలిమి, కొలిమి ముందు ఒక మనిషి. నల్లని మీసం, గుండ్రని భుజాలు, ముప్పై దాటినట్టు లేదు.

“వచ్చావా అక్కా!” అన్నాడతను, ఆమెను చూడగానే ముఖం వెలిగి. “అతుకంటే ఇద్దరి పనాయె. ఒకరు పొయ్యాలి, ఒకరు మీటి వినాలి. కొలిమి హోరులో పోసేవాడి చెవికి ఏం వినబడుతుంది? ఒక్కణ్ణీ పొద్దున్నుంచి చేతులు ముడుచుకొని కూర్చున్నాను. కానిద్దాం పద. చీకటి పడేలోగా ఇల్లు చేరాలి నేను.”

“పొద్దున్నుంచా, నాయనా?” అంది పోలమ.

“పొద్దున్నే వచ్చాను. పని కాగానే పంపేస్తానన్నాడు దొర. ఇంట్లో మా పోలి ఉంటుంది, వీధి గుమ్మంలోంచి లేవదు నేనొచ్చేదాకా. ముందు పన్ను ఊగుతోంది దానికి. నాన్నొచ్చాకే పీకించుకుంటానని మంకుపట్టు.” మొలలోంచి ఒక చెరకు ముక్క తీసి చూపించాడు. పచ్చగా, చివర తడిగా, అప్పుడే నరికినట్టుంది. “ఇది తెస్తానన్నాను. ఆ పన్నుతో ఎలా కొరుకుతుందో మరి!”

పోలమ అప్పుడే అందుకున్న పట్టుకారు జారి కిందపడింది.

ఆ పన్ను ఎవరూ పీకకుండానే ఊడిపోయింది. దాన్ని గుప్పిట్లో పెట్టుకొని ఒక పిల్ల గుమ్మంలో కూర్చుని ఎన్ని సాయంత్రాలు ఏడ్చిందో పోలమకు తెలుసు. ఆ పిల్ల తానే. తండ్రి కంచరి బొల్లన అడవిలో పులివాత పడ్డాడన్నారు, దొంగలు చంపారన్నారు, తాత పనంతా నేర్పి పెంచాడు. ఆ బొల్లన ఇక్కడ ఉన్నాడు. ఒకే ఒక్క మధ్యాహ్నంలో ఉన్నాడు. కూతురికన్నా చిన్నవాడై, కూతుర్ని అక్కా అని పిలుస్తున్నాడు.

ఆమెకు అతని కాళ్ళు పట్టుకొని ఏడవాలనిపించింది. వ్యాళకుడు మెట్ల మీద కూర్చొని చూస్తున్నాడు. వంగి పట్టుకారు తీసుకుంది.

“నీ ముఖమేం అలా ఉంది అక్కా?”

“నా కూతుర్ని పాము కరిచింది, నాయనా. నిలుపుకుడుక తేల్చి వచ్చాను. అది మునిగేలోగా నేను ఇల్లు చేరాలి.”

బొల్లన నవ్వు మాయమైంది. “అయ్యో! అయితే మాటలెందుకు? తిత్తి ఊదు, తిత్తి ఊదు!”

కొలిమి భగ్గుమంది. కంచు కరిగి, ఉదయపు సూర్యుడి రంగులోకి తిరిగింది. బొల్లన చేతివాటం చూస్తూ పోలమ లోపల్లోపల రెండుగా చీలిపోతోంది. అతుకు నిలిస్తే సాయంత్రం రాదు, తలుపు తెరుచుకోదు. దొర పంపుతాడన్న నమ్మకం ఎంతటిదో ఎదురుగా కొలిమి ముందు కూర్చునే ఉంది. కేతమ చచ్చిపోతుంది. అతుకు నిలవకపోతే సాయంత్రం వస్తుంది. ఆపిన కాలం ఎక్కడికీ పోదు, ఆపు విడవగానే ఆగినవాళ్ళ మీదే పడుతుంది. ఇన్నేళ్ళూ ఒక్కసారే ఈ నల్లమీసం మనిషి మీద పడతాయి. బతుకుతాడో, బూడిదే అవుతాడో.

బొల్లన కరిగిన కంచున్న మూస ఎత్తి పగులు మీద పోశాడు. చుయ్యిమని ఆవిరి లేచింది. మొదటి పోత ఏ కంచరికీ నిలవదు. మీటి, విని, ‘ఇంకా’ అంటే రెండోది పొయ్యాలి, మూడోది పొయ్యాలి. మీటేవాళ్ళు అబద్ధం చెబుతారేమోనన్న ఆలోచనే ఆ కులంలో ఎవరికీ రాదు. అందుకే పోసేవాడు చెవులు వాళ్ళకు అప్పగించి నిశ్చింతగా ఉంటాడు.

“మీటు అక్కా.”

పోలమ మీటింది. పెంకు మీద కొట్టినట్టు చచ్చు పలుకు వచ్చింది.

“పలికిందా?”

ఆమె నోరు తెరిచింది. పలికిందంటే తండ్రిని తన నోటితో చంపినట్టు. లేదంటే బిడ్డను. మూటలో జంటకుడుక వీపుకు మంచుగడ్డలా తగులుతోంది.

“ఏమైంది?” మెట్ల మీదినుంచి వ్యాళకుడు లేచాడు.

బొల్లన ఆమె ముఖం వైపు చూశాడు. తర్వాత మహాకుడుక అంచు మీద ఇంకా ఆనించి ఉన్న ఆమె చేతిని చూశాడు. ఎడమ చెయ్యి, ఉంగరం వేలు. పనిలో అరగని వేలు అదొక్కటేనని, వినడానికి అదే మంచిదని, ఆ వేలితో మీటడం తన ఇంట్లో తప్ప లోకంలో ఏ కంచరికీ అలవాటు లేదు. అతని చూపు వేలినుంచి ముంజేతి మీది పాత కాలిన మచ్చలకు, అక్కడినుంచి నెరిసిన జుట్టుకు మెల్లగా పాకింది. తలెత్తి సూర్యుణ్ణి చూశాడు. పొద్దున్నుంచి తానెన్నిసార్లు తలెత్తినా అక్కడే ఉన్న సూర్యుడు. అతని పెదవులు కదిలాయి. ధ్వని రాలేదు గానీ ఆ కదిలింది ఏ పేరో పోలమకు తెలిసింది.

తల అడ్డంగా ఊపింది, వద్దన్నట్టు.

బొల్లన వ్యాళకుడి వైపు తిరిగి గొంతెత్తాడు. “పలికింది దొరా! గంటలా పలికింది. ఒక్క పోతకే అతికింది. దించండి!”

ఆ కులం పుట్టినప్పటినుంచీ ఏ కంచరీ ఆడని అబద్ధం అది. వ్యాళకుడు చెయ్యి ఊపాడు. గొలుసులు గరగరమన్నాయి. మహాకుడుక పూర్తిగా నీళ్ళలోకి వాలింది, తేలింది, ఒక్క క్షణం గర్వంగా ఊగింది. ఫట్!

అతుకు ఊడి కొలను అవతల పడింది. పగులు నోరు తెరిచింది. నీళ్ళు గుటగుటా దూకాయి. సూర్యుడు పడమటి బురుజు వెనక్కి రాయిలా పడిపోయాడు. తామరలన్నీ ఒక్కసారే ముడుచుకున్నాయి. మంకెన పూలు వానలా రాలాయి. గడ్డిబొమ్మ భటులు నిలబడిన చోటే కుళ్ళి, నల్లబడి, పొడి అయ్యారు. కట్లు తెగిన జయధీరుడు లేచి నిలబడేసరికి గూళ్ళలో దీపాలు వాటంతటవే వెలిగాయి. దూరంగా కోట తలుపు కిర్రుమంది. అగడ్త మీద వంతెన దిగుతున్న చప్పుడు వినిపించింది.

“నా పొద్దు! నా పొద్దు!” వ్యాళకుడు గుండెలు బాదుకున్నాడు. మంత్రబలంతో ఏళ్ళను ఒకచేత్తో ఆపుకుంటూనే రాబందు రూపమెత్తి రివ్వున లేచాడు. రెక్క కొట్టినప్పుడల్లా ఈకలు రాలుతున్నాయి.

పోలమ అటు చూడలేదు. బొల్లన మీసం ఆమె కళ్ళముందే తెల్లబడింది. వీపు వంగింది. చెంపలు లోపలికి పోయాయి. చేతిలోని చెరకు ముక్క ఎండి, పిప్పై, పొడై వేళ్ళ సందుల్లోంచి జారిపోయింది. కూలిపోతున్నవాణ్ణి ఆమె ఒడిసిపట్టుకుంది. ఎండుపుల్లల కట్టంత కూడా బరువు లేడు. కానీ ఊపిరి ఉంది.

“నాన్నా!”

“ఊగే పన్ను ఏమైందే పోలీ?” అడిగాడు బొల్లన.

“ఊడిపోయింది నాన్నా. ఎప్పుడో ఊడిపోయింది.” ఆమె బావురుమంది. ఏళ్ళ తరబడి దాచుకున్న ఏడుపు ఆగనంటోంది.

ముసలివాడు ఆమెను ఏడవనివ్వలేదు. కళ్ళు చిట్లించి ఆకాశంలోకి చూశాడు. “వాడెటు పోతున్నాడు?”

“పడమటికి,” అన్నాడు జయధీరుడు. “మా తామ్రపురి వైపు.”

“వాడి కుడుక మునిగింది. ఏళ్ళు మీద పడకముందే వాడికి ఇంకో నిలుపుకుడుక కావాలి. లోకంలో తేలుతున్నది ఇంకెక్కడుంది?”

పోలమకు పై ప్రాణాలు పైనే పోయాయి. ఉన్నది ఒక్కటే. తన ఇంట్లో, తొట్టిలో, కేతమ పక్కన. వాడు దాన్ని తొట్టిలోంచి ఎత్తిన క్షణమే బిడ్డకు ఆఖరి క్షణం.

అగడ్త అవతల పొదలో కట్టేసి వచ్చిన గుర్రం ఒక్కటే. జయధీరుడు ముసలివాణ్ణి భుజాన వేసుకొని పరిగెత్తాడు. వంతెన కిందినుంచి మొసళ్ళు పళ్ళు కొరుకుతున్నాయి. కోట గోడలు వెనక ఒక్కొక్కటే కూలుతున్నాయి. ముగ్గురూ ఇవతలికి వచ్చి పడ్డారు.

“నువ్వెక్కు పోలమ్మా. ఈయన్ని నేను మోసుకొస్తాను. నా తండ్రిలా చూసుకుంటాను, ఒట్టు.”

“ముగ్గురం ఎక్కుదాం. నాన్నను ముందు కూర్చోబెడతాను. నెమ్మదిగా…”

“నెమ్మదిగానా?” అన్నాడు బొల్లన.

ఆమె తండ్రి చెయ్యి వదల్లేదు. ఇంతకాలానికి దొరికిన చెయ్యి. ఎముకలే ఉన్నాయి, అయినా వెచ్చగా ఉంది. ఈ చెయ్యి ఇంకెంతసేపు వెచ్చగా ఉంటుందో ఎవరికీ తెలియదు.

“నేనుంటానో లేదో నేను చెప్పలేను, తల్లీ. నీ పిల్ల ఉండాలంటే మాత్రం నువ్వు పోవాలి.” అంటూ బొల్లన తన చేతిని ఆమె చేతిలోంచి తానే లాక్కున్నాడు. ఉన్న బలమంతా పెట్టి లాక్కున్నాడు.

పోలమ గుర్రమెక్కింది. మడమలతో పొడిచింది. గుర్రం రాళ్ళ దారిలో నిప్పులు రేపుతూ దూకింది. సంధ్య వెలుగులో రాబందు నీడ ఆమెకు ముందు, దారి మీద, చెట్ల మీద పరిగెడుతోంది. అందినట్టే ఉంది, అందడం లేదు. వెనకనుంచి జయధీరుడు ఏదో కేకవేశాడు. అది తండ్రి గురించో, దారి గురించో గాలి విననివ్వలేదు. తిరిగి చూడాలని మెడ నరాలు లాగాయి. చూస్తే గుర్రాన్ని ఆపేస్తానని ఆమెకు తెలుసు, అందుకని చూడలేదు. దారంతా మసకమసకగా అలుక్కుపోయింది. ఒక చేతిలో కళ్ళెం, ఒక చేతిలో విరుగుడు. కళ్ళు తుడుచుకోవడానికి ఖాళీ చెయ్యి లేదు.